హినోమారు, కిమిగయో: జపాన్ జాతీయ చిహ్నాల అర్థపరిణామం - ధ్వనిసిద్ధాంత దృష్టితో ఒక పరిశీలన

వ్యాస సంగ్రహం:

జపాన్ జాతీయ పతాకం 'హినోమారు', జాతీయగీతం 'కిమిగయో' 1999లో చట్టబద్ధమయ్యాయి. వాటి రూపం మాత్రం అంతకు ఎన్నో శతాబ్దాల ముందునుంచే ఉంది. రూపం దాదాపు మారకపోయినా అర్థం అనేకసార్లు మారింది. ఈ మార్పును ఎక్కువమంది రాజకీయ చరిత్రగానే చదివారు. ఒకే వాక్యం వక్త, శ్రోత, దేశం, కాలం, ప్రకరణాలను బట్టి వేర్వేరు అర్థాలను స్ఫురింపజేస్తుందన్న భారతీయ అలంకారశాస్త్ర భావనను ఆధారం చేసుకుని, ఆ చరిత్రను అర్థచరిత్రగా పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం. చట్టం చిహ్నానికి రూపాన్ని నిర్ణయించగలదు గాని ధ్వనిని నిర్ణయించలేదని, ఆ ప్రయత్నమే జపాన్‌లో వివాదానికి మూలమని ఇందులో ప్రతిపాదించడం జరిగింది.

కీలకపదాలు: జాతీయ చిహ్నాలు, హినోమారు, కిమిగయో, ధ్వని, వ్యంజన, కొకిన్‌షూ, ఒకినావా, అర్థపరిణామం.

1. ఉపోద్ఘాతం:

'సూర్యుడు అస్తమించాడు' అన్న చిన్న వాక్యం అలంకారశాస్త్ర విద్యార్థులందరికీ పరిచితం. మమ్మటుడు కావ్యప్రకాశంలో వ్యంగ్యార్థం వాచ్యార్థానికి భిన్నమని నిరూపించడానికి ఈ వాక్యాన్నే ఉదాహరణగా తీసుకున్నాడు. పశువుల కాపరికి అది ఆవులను ఇంటికి తోలుకురమ్మన్న సూచన. అనుష్ఠానపరుడికి సంధ్యావందన వేళ. అభిసారికకు ప్రియుని కలుసుకొనే సమయం. వర్తకుడికి సరుకు సర్దుకోవలసిన గడియ. వాచ్యార్థం అందరికీ ఒక్కటే. వ్యంగ్యం మాత్రం శ్రోతను బట్టి, సందర్భాన్ని బట్టి మారుతుంది.

జపాన్ పతాకం మీద ఉన్నది కూడా సూర్యుడే. తెల్లని వస్త్రం మీద ఎర్రని వృత్తం. అక్షరం లేదు, ఆయుధం లేదు, జంతువు లేదు. వాచ్యంగా ఇంత సరళమైన పతాకం ప్రపంచంలో అరుదు. అయినా ఈ వృత్తం ఒకరికి మాతృభూమి, మరొకరికి ఆక్రమణ. ఒకరికి విముక్తి, మరొకరికి నిర్బంధం. 'పతాకం అమాయకమైనది, దానిని దుర్వినియోగం చేశారు' అని ఒక వర్గం, 'పతాకమే యుద్ధనేరానికి గుర్తు' అని మరొక వర్గం వాదిస్తూ వచ్చాయి. రెండు వాదాలూ అర్థం చిహ్నంలోనే స్థిరంగా ఉంటుందని అనుకోవడం గమనార్హం. ఆ భావన ఎంతవరకు నిలుస్తుందో చరిత్ర ఆధారంగా పరిశీలించాలి.

2. సూర్యబింబం - విసనకర్ర నుంచి ఓడ దాకా:

'నిహోన్' అన్న దేశనామానికే సూర్యుని పుట్టుచోటు అని అర్థం. 607లో చైనా సుయి చక్రవర్తికి పంపిన లేఖలో జపాన్ పాలకుడు తనను సూర్యుడుదయించే దేశపు అధిపతిగా చెప్పుకున్నట్లు చైనా చరిత్రగ్రంథం నమోదు చేసింది. 701 నూతన సంవత్సర వేడుకలో మొమ్ము చక్రవర్తి ఆస్థానంలో సూర్యచిహ్నం గల ధ్వజాన్ని నిలిపినట్లు 'షోకు నిహోంగి' చెబుతుంది. అయితే ఆ వేడుకలో చంద్రధ్వజమూ ఉంది, దిక్కుల అధిదేవతలైన జంతువుల ధ్వజాలూ ఉన్నాయి. అది విశ్వవ్యవస్థను ఆస్థానంలో ప్రతిబింబించే అలంకరణ. జాతి అన్న భావన అందులో లేదు.

13వ శతాబ్దిలో రూపుదిద్దుకున్న 'హెయికే మొనొగతారి'లో యషిమా యుద్ధఘట్టం ప్రసిద్ధం. తైరా వంశీయులు పడవ మీద సూర్యబింబం గల ఎర్రని విసనకర్రను నిలబెట్టి కొట్టమని సవాలు చేస్తారు. మినమోతో పక్షపు నసు నొ యొయిచి ఒకే బాణంతో దానిని కొడతాడు. శత్రుపక్షం సైతం పడవ అంచును తట్టి మెచ్చుకుంటుంది. మత్స్యయంత్ర ఘట్టాన్ని ఎరిగిన తెలుగు పాఠకుడికి ఈ సన్నివేశపు రుచి వెంటనే అందుతుంది. ఇక్కడ సూర్యబింబం వందనీయమైన పతాకం కాదు, గురి. 16వ శతాబ్దపు అంతర్యుద్ధాల కాలంలో పరస్పరం పోరాడిన పలువురు సామంతులు ఇదే బింబాన్ని తమ జెండాల మీద వాడారు. ఒకే చిహ్నం యుద్ధరంగంలో రెండు వైపులా ఉన్నప్పుడు అది 'జాతి'ని సూచించే అవకాశం లేదు.

ఈ చిహ్నానికి దేశాన్ని సూచించే పని ఏర్పడింది సముద్రం మీద. 1853లో అమెరికా నౌకాధిపతి పెర్రీ రాకతో జపాన్ ఓడలను విదేశీ ఓడల నుంచి వేరుగా గుర్తించవలసిన అవసరం కలిగింది. సత్సుమా ప్రభువు షిమజు నరియాకిర సూచనతో 1854లో షోగన్ ప్రభుత్వం హినోమారును జపాన్ ఓడల గుర్తుగా నిర్ణయించింది. మెయిజీ ప్రభుత్వం 1870లో వెలువరించిన 57వ ప్రకటన దాని కొలతలను నిర్ధారించింది. ఎత్తు వెడల్పుల నిష్పత్తి 7:10. వృత్తం వ్యాసం ఎత్తులో 5లో 3 వంతులు. వృత్తకేంద్రం పతాకదండం వైపు 100లో 1 వంతు జరిగి ఉండాలి. ఈ ప్రకటన వాణిజ్యనౌకలకు సంబంధించినది. అంటే 1999 దాకా హినోమారుకు ఉన్న స్పష్టమైన చట్టాధారం ఓడ జెండాగానే. బడులలో, వీధులలో, యుద్ధభూములలో అది జాతీయ పతాకంగా నిలిచింది ఆచారబలం వల్ల. 'ఇది మన ఓడ' అని ఇతరులకు చెప్పడమే ఈ దశలో దాని ప్రధాన ప్రయోజనం. 'దీనికి నమస్కరించు' అని తనవారికి చెప్పడం తరువాతి పరిణామం.

3. 'కిమి' - ఒక సంబోధన చరిత్ర:

పతాకం కన్నా గీతం చరిత్ర సాహిత్య విద్యార్థికి మరింత ఆసక్తికరం. 'కిమిగయో' మూలం సుమారు 905లో చక్రవర్తి ఆజ్ఞతో సంకలితమైన 'కొకిన్ వకషూ' 7వ సంపుటిలోని 343వ పద్యం. కవి పేరు తెలియదు. ఆ సంపుటి శుభాకాంక్షల పద్యాలది. చిన్న రాళ్లు పెద్ద బండగా మారి నాచు పట్టేదాకా ఆయుష్షు సాగాలన్న దీవెన ఆ పద్య సారాంశం. ఇది పెద్దల ఆయుర్వృద్ధిని కోరే మంగళాశాసన కోవకు చెందుతుంది. మన 'శతమానం భవతి' ఆశీస్సు వంటిది.

కొకిన్‌షూ పాఠంలో పద్యం 'నా ప్రభువు' అనే అర్థం గల మాటతో మొదలవుతుంది. తరువాతి సంకలనాల ప్రతులలో అది 'ప్రభువు కాలం' అనే అర్థం గల 'కిమిగయో'గా మారి స్థిరపడింది. వ్యక్తిని దీవించే పద్యం ఈ పాఠభేదంతో 'యుగాన్ని' దీవించే పద్యంగా చదువుకోవడానికి వీలిచ్చింది. 'యో' అన్న మాటకు ఆయుష్షు, లోకం, పాలనాకాలం అన్న అర్థాలన్నీ ఉండడం ఇందుకు తోడ్పడింది.

'కిమి' అన్న మాటే ఈ చర్చకు కేంద్రం. ప్రాచీన కవిత్వంలో అది ప్రభువుకు చెల్లుతుంది, గౌరవనీయుడైన ఏ వ్యక్తికైనా చెల్లుతుంది. 'మన్యోషూ' కవిత్వంలో స్త్రీలు ప్రియుణ్ణి సంబోధించడానికి ఎక్కువగా వాడిన మాట ఇదే. తెలుగులో 'స్వామి' దైవానికీ, రాజుకూ, భర్తకూ, ప్రియునికీ సమానంగా చెల్లి, క్షేత్రయ్య పదాలలో ఈ సరిహద్దులను చెరిపివేసినట్లే 'కిమి' కూడా బహుముఖమైన సంబోధన. మధ్యయుగాలలో ఈ పద్యం వేడుకలలో, రంగస్థలం మీద, విందులలో పాడుకునే పాటగా సామాన్యులలోనూ వ్యాపించింది. అక్కడ 'కిమి' ఎదుట కూర్చున్న పెద్దమనిషి.

మెయిజీ కాలంలో ఈ బహుత్వం కుదించుకుపోయింది. జపాన్‌కు జాతీయగీతం కావాలని సూచించిన బ్రిటిష్ బాండ్ మాస్టర్ జాన్ విలియం ఫెంటన్ మొదటి బాణీ కట్టాడు. అది నిలవలేదు. 1880లో ఆస్థాన సంగీతజ్ఞుల బాణీని హయాషి హిరోమొరి పేరున స్వీకరించారు. జర్మన్ సంగీతకారుడు ఫ్రాంజ్ ఎకెర్ట్ దానికి పాశ్చాత్య స్వరమేళనం కూర్చాడు. 1893లో విద్యాశాఖ పాఠశాలల పండుగరోజు వేడుకలలో పాడవలసిన పాటలలో దీనిని చేర్చింది. 1930ల చివరికి నీతిబోధ పాఠ్యపుస్తకాలు 'కిమి' అంటే చక్రవర్తి మాత్రమేనని, ఆయన పాలన శాశ్వతంగా సాగాలన్నదే గీతభావమని పిల్లలకు నేర్పాయి. అనేకార్థమైన పదానికి ఏకార్థాన్ని స్థిరపరచింది ఇక్కడ కవిత్వం కాదు, పాఠశాల.

ఈ కుదింపుకు ప్రతిగా ఒక కవయిత్రి అదే మాటను మరో దిక్కుకు తిప్పింది. రష్యా-జపాన్ యుద్ధకాలంలో, 1904లో, యొసానో అకికో సైన్యంలో ఉన్న తన తమ్ముణ్ణి 'కిమి' అని సంబోధిస్తూ, ప్రాణం పోగొట్టుకోవద్దని వేడుకునే కవిత ప్రచురించింది. చక్రవర్తి స్వయంగా యుద్ధానికి వెళ్లడన్న ప్రస్తావనా అందులో ఉంది. విమర్శకుడు ఒమాచి కెయిగెత్సు దానిని దేశద్రోహంగా నిందించాడు. గీతంలో 'కిమి' చిరకాలం వర్ధిల్లవలసిన ప్రభువు. అకికో కవితలో 'కిమి' చావకుండా ఇంటికి తిరిగి రావలసిన తమ్ముడు. ఆశీస్సు ఒకటే, దీర్ఘాయువు. ఆ ఆశీస్సుకు అర్హులెవరన్న ప్రశ్న దగ్గర జాతీయగీతానికీ కవిత్వానికీ మధ్య దూరం బయటపడుతుంది. కొకిన్‌షూ పద్యపు అసలు స్ఫూర్తికి అకికో కవితే దగ్గరగా ఉందని చెప్పడం అతిశయోక్తి కాదు.

4. చామంతి, సకురా:

జపాన్‌కు చట్టం నిర్ణయించిన జాతీయపుష్పం లేదు. ఆచారంలో రెండు పూలు ఆ స్థానాన్ని పంచుకుంటున్నాయి. చామంతి చైనా నుంచి వచ్చిన పువ్వు. దీర్ఘాయువుకు సంకేతం. 12వ శతాబ్ది చివర గొ-తోబా చక్రవర్తి దానిపై మక్కువతో తన వస్తువుల మీద చిత్రింపజేసుకోవడంతో అది రాజకుటుంబ ముద్రగా పరిణమించింది. మెయిజీ ప్రభుత్వం 1869 నుంచి ఇతరులు వాడకుండా పరిమితం చేసింది. నేటి జపాన్ పాస్‌పోర్టు మీద ఉన్నది కూడా 16 రేకుల చామంతే. రాజకుటుంబ ముద్రకు దగ్గరగా ఉంటుంది గాని రేకుల వరుసల అమరికలో భేదముంది. ప్రభుత్వం తన ముద్రగా వాడేది కిరి చెట్టు ఆకులు, పూలు. అవి 500 యెన్ల నాణెం మీద కనిపిస్తాయి.

సకురా చరిత్ర మరింత విషాదకరం. మన్యోషూలో సకురా కన్నా 'ఉమే' పూలమీదే ఎక్కువ పద్యాలున్నాయి. కొకిన్‌షూ నాటికి సకురా ప్రధానమైంది. రాలిపోవడంలోని అందం, క్షణికత, ప్రేమ, పడుచుదనం దాని ధ్వనులు. 18వ శతాబ్దిలో మొతోఒరి నొరినాగా ఉదయసూర్యకాంతిలో వికసించే కొండసకురాను జపాన్ హృదయానికి ఉపమానంగా చెప్పాడు. ఆ పద్యంలో వికసనమే ఉంది, రాలడం లేదు. అయినా 1944 అక్టోబరులో ఏర్పడిన తొలి ఆత్మాహుతి విమానదళాలకు షికిషిమా, యమతో, అసాహి, యమజకురా అన్న పేర్లను ఆ పద్యం నుంచే తీసుకున్నారు. పైలట్ ప్రాణాలతో తిరిగిరాని రాకెట్ విమానానికి 'ఒహ్క', అంటే సకురా పువ్వు, అని పేరుపెట్టారు. మానవశాస్త్రవేత్త ఎమికో ఒహ్నుకి-టియర్నీ ఈ పరిణామాన్ని విస్తృతంగా అధ్యయనం చేసి, తాము ఒకే అర్థాన్ని పంచుకుంటున్నామని జనం భ్రమపడేందుకు పువ్వులోని అర్థబహుళత్వమే అవకాశమిచ్చిందని వివరించింది. సౌందర్యధ్వని మరణధ్వనిగా జారిపోయిన క్షణాన్ని ఎవరూ గుర్తించలేదు. ఎందుకంటే పువ్వు మారలేదు.

5. శ్రోత మారినప్పుడు - కొరియా, ఒకినావా:

1936 బెర్లిన్ ఒలింపిక్స్ మారథాన్‌లో బంగారు పతకం గెలిచిన సోన్ కీ-చుంగ్ కొరియా దేశస్థుడు. వలసపాలన కారణంగా జపాన్ క్రీడాకారుడిగా నమోదై, ఛాతీమీద హినోమారుతో పరుగెత్తాడు. కొరియా పత్రిక 'దొంగ్-అ ఇల్బొ' అతని ఛాయాచిత్రంలోని ఆ చిహ్నాన్ని చెరిపి ప్రచురించింది. పత్రికను నెలల తరబడి నిలిపివేశారు. ఇక్కడ చిహ్నం లేకపోవడమే అర్థాన్నిచ్చింది. వలసప్రజలకు ఆ బింబం ఉదయం కాదు, తమ అస్తమయం.

ఒకినావా అనుభవం ఇంకా సంక్లిష్టం. 1945 యుద్ధంలో ఆ దీవులు విధ్వంసమయ్యాయి. తరువాత 1972 దాకా అమెరికా పాలనలో ఉన్నాయి. ఆ కాలంలో జపాన్‌లో తిరిగి కలవాలని కోరిన ఉద్యమం, ముఖ్యంగా ఉపాధ్యాయులు, హినోమారునే చేతబట్టారు. సైనికపాలన నీడలో ఆ జెండా ప్రతిఘటనకూ శాంతి రాజ్యాంగం మీది ఆశకూ గుర్తు. విలీనం తరువాత కూడా అమెరికా స్థావరాలు పోలేదు. 1987 జాతీయ క్రీడోత్సవాలలో యొమితాన్ గ్రామ మైదానంలో స్థానిక వ్యాపారి ఒకరు అదే జెండాను దించి తగులబెట్టాడు. యుద్ధసమయంలో ఆ గ్రామంలోని గుహలో జరిగిన సామూహిక ఆత్మహత్యల జ్ఞాపకం ఆ చర్య వెనుక ఉంది. పదిహేనేళ్లలో అదే చోట అదే జెండా ఆశ నుంచి ద్రోహంగా మారింది. చిహ్నంలో అర్థం స్థిరంగా ఉంటుందన్న రెండు వాదాలనూ ఒకినావా ఒక్కటే ఖండిస్తుంది.

16 కిరణాల ఉదయసూర్య పతాకం విషయంలోనూ ఇదే సమస్య. 1870లో సైన్యం, 1889లో నౌకాదళం దీనిని స్వీకరించాయి. 1954లో సముద్ర ఆత్మరక్షణ దళం తిరిగి చేపట్టింది. 2018లో దక్షిణ కొరియా జెజు దీవి వద్ద జరిగే అంతర్జాతీయ నౌకా ప్రదర్శనలో జాతీయ పతాకాన్నే ఎగురవేయాలని ఆతిథ్యదేశం కోరగా, జపాన్ తన నౌకను పంపడం మానుకుంది. కిరణాల నమూనా జాలరుల చేపలవేట జెండాల మీద, శిశుజనన వేడుకలలో కనిపించే మంగళచిహ్నమని జపాన్ ప్రభుత్వ వాదం. వాస్తవంగా అది నిజమే. కాని జాలరి పడవ మీద ఎగిరినప్పుడు వక్త జాలరి. యుద్ధనౌక మీద ఎగిరినప్పుడు వక్త నౌకాదళం. వక్తృభేదాన్ని విస్మరించిన సమాధానం శ్రోతకు సమాధానం కాజాలదు.

6. 1999 చట్టం - ధ్వనికి శాసనం:

రెండో ప్రపంచయుద్ధం తరువాత జర్మనీ స్వస్తిక జెండాను తొలగించింది. ఇటలీ తన జెండా మీది రాజముద్రను తీసివేసింది. జపాన్‌లో ఆక్రమణకాలపు ఆంక్షలు 1949లో తొలగిన తరువాత పతాకం, గీతం రూపం మారకుండా కొనసాగాయి. మారింది రాజ్యాంగం. 1947 రాజ్యాంగం సార్వభౌమత్వాన్ని ప్రజలకిచ్చి, చక్రవర్తిని 'చిహ్నం'గా నిర్వచించింది. కొత్త రాజ్యాంగం కింద పాత గీతం పాడవలసిన వైరుధ్యం అక్కడ మొదలైంది. 1989లో విద్యాశాఖ పాఠ్యప్రణాళికా మార్గదర్శకాలు పాఠశాల వేడుకలలో జెండా, గీతాలను తప్పనిసరి చేశాయి. 1999 ఫిబ్రవరిలో హిరోషిమా రాష్ట్రంలోని సెరా ఉన్నత పాఠశాల ప్రిన్సిపాల్ స్నాతకోత్సవానికి ముందురోజు ఆత్మహత్య చేసుకున్నాడు. విద్యామండలి ఒత్తిడికీ ఉపాధ్యాయుల వ్యతిరేకతకూ మధ్య ఆయన నలిగిపోయాడు. ఆ నేపథ్యంలో ఒబుచి కెయిజొ ప్రభుత్వం బిల్లు తెచ్చింది. దిగువసభలో 403-86, ఎగువసభలో 166-71 ఓట్లతో నెగ్గి, ఆగస్టు 13న చట్టమైంది.

ఆ చట్టంలో ప్రధాన నిబంధనలు రెండే. జాతీయ పతాకం హినోమారు, జాతీయగీతం కిమిగయో. పతాక నిష్పత్తి 2:3గా మారింది, వృత్తం మధ్యకు జరిగింది. గౌరవించాలన్న విధి గాని, గౌరవించకపోతే శిక్ష గాని లేవు. అలంకారశాస్త్ర పరిభాషలో చెప్పాలంటే చట్టం అభిధ దగ్గర ఆగింది. అయితే చర్చలో భాగంగా ప్రభుత్వం 'కిమి' అంటే ప్రజల సంకల్పం వల్ల తన స్థానాన్ని పొందిన, దేశానికీ ప్రజల ఐక్యతకూ చిహ్నమైన చక్రవర్తి అని, గీతం అటువంటి దేశపు శాంతి సౌభాగ్యాలను కోరుతుందని వ్యాఖ్యానించింది. ఇది నిజానికి రాజ్యాంగం 1వ అధికరణంతో ప్రాచీన పద్యానికి రాసిన టీక. పద్యానికి మూలంలో లేని అర్థాన్ని 1930ల పాఠ్యపుస్తకాలు ఇచ్చినట్లే, 1999 వ్యాఖ్య మరో అర్థాన్నిచ్చింది. రెండో అర్థం ప్రజాస్వామికం, మొదటిది కాదు. ఈ భేదం చిన్నది కాదు. కాని 'ఇదే అర్థం' అని ప్రభుత్వం ప్రకటించే పద్ధతి రెండింటిలోనూ ఒకటే.

2003 అక్టోబరు 23న టోక్యో విద్యామండలి ఉపాధ్యాయులు జెండాకు ఎదురుగా నిలబడి గీతం పాడాలని ఆదేశించింది. కూర్చుండిపోయిన వందలాది ఉపాధ్యాయులు క్రమశిక్షణ చర్యలకు గురయ్యారు. 2004లో ఒక ఉద్యానవిందులో ఆ విద్యామండలి సభ్యుడు దేశమంతటా బడులలో జెండా ఎగిరి గీతం వినబడేలా చూడడం తన పని అని చెప్పినప్పుడు, అకిహితో చక్రవర్తి అది నిర్బంధం కాకుంటేనే మంచిదన్న భావం వ్యక్తం చేశాడు. గీతంలోని 'కిమి' ఎవరిని ఉద్దేశించిందని ప్రభుత్వం చెబుతోందో, ఆ వ్యక్తే నిర్బంధాన్ని కోరలేదు. 2011లో సుప్రీంకోర్టు నిలబడాలన్న ఆదేశం రాజ్యాంగవిరుద్ధం కాదంది. 2012లో మందలింపును మించిన శిక్షల విషయంలో జాగ్రత్త అవసరమంది. చట్టం వచ్చిన 1999లోనే వెలువడిన తన సంపుటిలో కవయిత్రి ఇబరగి నొరికో, జాతీయగీతాల వెనుక దాగిన ఆక్రమణల రక్తాన్ని ప్రస్తావించి, తాను లేవకుండా కూర్చునే ఉంటానని రాసింది.

7. భారతీయ సందర్భంతో పోలిక:

త్రివర్ణపతాక చరిత్రలో తెలుగువారి స్థానం తెలిసినదే. 1916లో జాతీయ పతాకాల నమూనాలతో పుస్తకం ప్రచురించిన పింగళి వెంకయ్య, బాపట్లలో జపాన్ భాషలో ప్రసంగించి 'జపాన్ వెంకయ్య'గా ప్రసిద్ధుడు. ఆయన నమూనాపై ఆధారపడిన 1921 నాటి పతాకపు రంగులకు మొదట మతపరమైన అర్థాలు చెప్పారు. వాటిపై అభ్యంతరాలు వచ్చాయి. 1931లో కాంగ్రెస్ రంగుల క్రమాన్ని మార్చి, వాటికి మతసంబంధం లేదని, ధైర్యం, సత్యశాంతులు, విశ్వాసం వంటి గుణాలనే అవి సూచిస్తాయని తీర్మానించింది. 1947లో రాట్నం స్థానంలో ధర్మచక్రం వచ్చింది. అర్థం మారవలసి వచ్చినప్పుడు ఇక్కడ రూపాన్నీ చర్చకు పెట్టారు. జపాన్‌లో రూపాన్ని యథాతథంగా ఉంచి అర్థాన్ని మాత్రమే మార్చాలని చూశారు. గాయపడిన శ్రోతకు ఈ రెండో పద్ధతి నమ్మకం కలిగించడం కష్టం.

అయితే భారతీయ అనుభవం పూర్తిగా నిర్వివాదం కాదు. కేరళలో జాతీయగీతం వేళ గౌరవంగా నిలబడి, మతవిశ్వాసం కారణంగా పాడని విద్యార్థులను బడి నుంచి తొలగించగా, 1986లో సుప్రీంకోర్టు ఆ చర్యను కొట్టివేసింది. మౌనం అగౌరవం కాదని ఆ తీర్పు సారం. మౌనానికి కూడా ధ్వని ఉంటుందని న్యాయస్థానం గుర్తించింది. టోక్యో ఉపాధ్యాయుల మౌనానికి అంతటి అవకాశం దక్కలేదు.

8. ముగింపు:

పై పరిశీలన నుంచి కొన్ని అంశాలు తేలుతున్నాయి. హినోమారు ఆస్థాన అలంకరణగా, బాణపు గురిగా, సామంతుల జెండాగా, ఓడ గుర్తుగా, సామ్రాజ్య పతాకంగా, విలీనోద్యమ చిహ్నంగా వేర్వేరు కాలాలలో వేర్వేరు అర్థాలనిచ్చింది. వీటిలో ఏదో ఒకటే 'అసలు' అర్థమని చెప్పడానికి చరిత్ర అంగీకరించదు. కిమిగయో దీవెన పద్యంగా పుట్టి పాఠశాల ద్వారా ఏకార్థానికి కుదించబడింది. అదే సంబోధనతో అకికో రాసిన కవిత, పదం రాజ్యానికి పూర్తిగా లొంగదని నిరూపించింది.

అర్థం శ్రోతను బట్టి మారుతుందంటే ఎవరికి తోచినట్లు వారు చెప్పుకోవచ్చని కాదు. మమ్మటుని ఉదాహరణలో కాపరికీ అభిసారికకూ స్ఫురించిన అర్థాలు వారి జీవితాల నుంచి వచ్చినవి. కొరియా పాఠకుడికి, ఒకినావా గ్రామస్థుడికి స్ఫురించిన అర్థాలూ అలాగే వారి అనుభవం నుంచి వచ్చినవి. వాటిని అపార్థాలుగా తోసిపుచ్చడం సహృదయత కాదు. చట్టం పతాకపు కొలతలను నిర్ణయించగలదు, వృత్తాన్ని మధ్యకు జరపగలదు. ఆ వృత్తాన్ని చూసినవారి మనసులో ఏది స్ఫురించాలో మాత్రం నిర్ణయించలేదు. బలవంతంగా నిలబెట్టినప్పుడు పతాకం స్ఫురింపజేసేది దేశభక్తిని కాదు, ఆ బలవంతాన్నే. ప్రజాస్వామిక రాజ్యం తన చిహ్నాల విషయంలో చేయగలిగింది, వాటి పాత అర్థాలను వినడానికి సిద్ధపడడం. కొత్త అర్థం ఆ వినడంలోనే మొదలవుతుంది.